ఫ్యామిలీ కోర్టు డిక్రీ అమలు ఆపడానికి నాన్నగారి పొలం హామీగా పెట్టవచ్చా?

మీరు అడిగింది క్లుప్తంగా ఇది. విడాకుల కేసులో ఫ్యామిలీ కోర్టు మీ మాజీ భార్యకు శాశ్వత భరణం కింద 20 లక్షలు, ఆమె బంగారం తాలూకు 6 లక్షలు ఇవ్వమంది. బాబుకి నెలకు 10 వేలు. మీరు హైకోర్టుకి అప్పీలు వెళ్దామనుకుంటున్నారు. ఈలోగా ఆవిడ ఈపీ (డిక్రీ అమలు పిటిషన్) వేశారు, గుంటూరులో మీ ఇంటి గోడకి జప్తు నోటీసు అంటించి వెళ్లారు. చేతిలో అంత డబ్బు లేదు. తెనాలి దగ్గర నాన్నగారి పేరున ఎకరం ముప్పై సెంట్ల పొలం ఉంది. అది కోర్టుకి హామీగా పెడితే మొత్తం ఆగిపోతుందా? ఇల్లు తమ్ముడి పేర రాసేయమని ఎవరో సలహా ఇచ్చారు, అది మంచిదేనా?

ముందు సూటిగా జవాబు. 20 లక్షలు, 6 లక్షల విషయంలో ఆస్తి హామీగా చూపించి స్టే అడగవచ్చు, దొరికే అవకాశం బాగానే ఉంది. కానీ పొలం ఒక్కటే చాలదు, కొంత నగదు కట్టమంటారు. బాబు నెలనెలా ఖర్చుకి మాత్రం ఏ పొలమూ పనికిరాదు, అది కట్టాల్సిందే. ఇల్లు తమ్ముడి పేర రాయడం మాత్రం వద్దు. ఎందుకో కింద చెప్తాను.

నేను జిల్లా కోర్టుల్లో ఫ్యామిలీ కేసులు, ఈపీలు చూసే వకీలుని. డబ్బు రావాల్సిన ఆడవాళ్ల తరఫునా చేశాను, కట్టాల్సిన మగవాళ్ల తరఫునా చేశాను. అందుకే ఆస్తి హామీ అనగానే అవతలి వకీలు ఏ కాగితం పట్టుకుని లేస్తారో కాస్త తెలుసు. మీరు కూడా మీ పొలాన్ని మీ కళ్లతో కాకుండా ఆవిడ కళ్లతో చూడండి. రేపు మీరు ఓడిపోతే ఆ పొలం అమ్మి ఆవిడకు డబ్బు ఎంత తేలిగ్గా చేతికొస్తుంది? హామీ పిటిషన్‌లో జడ్జిగారు చూసేది అదొక్కటే.

అప్పీలు వేసినంత మాత్రాన అమలు ఆగదు. "హైకోర్టులో నంబరు పడింది కదా సార్, అమీన్ (జప్తుకొచ్చే కోర్టు ఉద్యోగి) ఇంకా ఎందుకొస్తున్నాడు?" అని అడిగే క్లయింట్లు ఇప్పటికీ ఉన్నారు. 1984 ఫ్యామిలీ కోర్టుల చట్టం సెక్షన్ 18 ప్రకారం మీ డిక్రీకి మామూలు సివిల్ డిక్రీకి ఉన్న బలమే ఉంది, అమలు కూడా సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) ప్రకారమే. ఆ సీపీసీలో ఆర్డర్ 41 రూల్ 5 మొదలవ్వడమే అప్పీలు స్టే కిందికి రాదు అంటూ మొదలవుతుంది. స్టే విడిగా ఐఏ (మధ్యంతర పిటిషన్) వేసి అడగాలి. ఇవ్వాలంటే మూడు విషయాలు చూడాలి: ఆపకపోతే మీకు పెద్ద నష్టం జరుగుతుందా, ఆలస్యం చేయకుండా వచ్చారా, రేపు ఓడిపోతే డిక్రీ నెరవేరుస్తారనే దానికి ఏం హామీ ఇస్తున్నారు.

మొదటిదానికి "నా దగ్గర డబ్బు లేదు" అంటే ఎక్కదు. డబ్బు కట్టడం తీరని నష్టం కాదు, గెలిస్తే సీపీసీ సెక్షన్ 144 కింద తిరిగి అడగవచ్చు కదా అంటారు. ఇల్లు వేలంలో మూడో మనిషికి పోతే మళ్లీ రాదు, ఇంట్లో పెద్దవాళ్లున్నారు అన్న మాట ఎక్కుతుంది. అఫిడవిట్‌లో ఏడుపు తగ్గించి ఈ ముక్క గట్టిగా రాయించండి.

రెండోది గడువు. ఫ్యామిలీ కోర్టుల చట్టం సెక్షన్ 19లో అప్పీలుకి 30 రోజులు అని ఉంది. హిందూ వివాహ చట్టంలో 2003 సవరణ తర్వాత 90 రోజులు. ఏది వర్తిస్తుందన్న వాదన పెద్దదే, దాంట్లోకి మనం ఎందుకు దిగాలి? 30 అనుకునే పని చేయండి. సర్టిఫైడ్ కాపీకి కోర్టు తీసుకున్న రోజులు మినహాయిస్తారు, కాబట్టి కాపీ అప్లికేషన్ వెంటనే వేయండి. గడువు దాటి వెళ్తే ఆర్డర్ 41 రూల్ 3ఏ అడ్డొస్తుంది. ఆలస్యాన్ని మన్నించమన్న పిటిషన్ పెండింగ్‌లో ఉండగా, అప్పీలు వినాలని కోర్టు నిర్ణయించేదాకా స్టే ఇవ్వకూడదని అందులో ఉంది. అప్పుడు తెనాలి పొలం కాదు కదా, బంజారాహిల్స్‌లో బిల్డింగ్ చూపించినా స్టే రాదు. ఆ ఖాళీలోనే ఈపీ పరుగెత్తుతుంది.

ఇక మీ కేసులో ఎవరూ మీకు చెప్పని పాయింటు ఒకటుంది. మీ ఇల్లు ఇప్పటికే జప్తులో ఉంది. సీపీసీ సెక్షన్ 64 ప్రకారం జప్తు తర్వాత దాన్ని మీరు అమ్మినా, గిఫ్ట్ రాసినా ఆవిడ క్లెయిము ముందు చెల్లదు. అంటే జప్తే సగం హామీ. కాబట్టి హైకోర్టులో మీ మొదటి వాదన "నాన్నగారి పొలం తీసుకోండి" అని కాకూడదు. "జప్తు అలాగే ఉంచండి, వేలం మాత్రం ఆపండి" అని ఉండాలి. ఆర్డర్ 41 రూల్ 6(2) దీనికోసమే ఉంది. అప్పీలు పెండింగ్‌లో ఉండగా స్థిరాస్తి అమ్మకానికి ఆర్డర్ అయితే, జేడీఆర్ (డిక్రీ ప్రకారం కట్టాల్సిన మనిషి, ఇక్కడ మీరు) అడిగినప్పుడు ఆ ఆర్డర్ ఇచ్చిన కోర్టే తగిన షరతుల మీద అమ్మకం ఆపాలి. ఈ పిటిషన్ మీ ఊళ్లోనే, ఈపీ నడిచే కోర్టులోనే వేయవచ్చు. అయితే అప్పటికే అప్పీలు దాఖలై ఉండాలి, అమ్మకానికి ఆర్డర్ అయి ఉండాలి. ఇంటి మీద లోను ఉందో లేదో, ఉంటే ఎంత మిగిలిందో మీరు రాయలేదు. లోను పోను ఇంటి విలువ 26 లక్షలకు బాగా పైన ఉంటే నాన్నగారిని ఇందులోకి లాగకుండానే పని జరగవచ్చు. తక్కువైతే ఆ తేడాకి మాత్రమే పొలం చూపించండి.

అప్పీలు ఇంకా వేయలేదు, అమ్మకం నోటీసు దాకా వచ్చింది అనుకుందాం. అప్పీలు గడువు ఇంకా ఉంటే రూల్ 5(2) కింద డిక్రీ ఇచ్చిన ఫ్యామిలీ కోర్టే కొద్దిరోజులు ఆపగలదు. ఈపీ వేరే కోర్టుకి పంపి ఉంటే ఆర్డర్ 21 రూల్ 26 ఉంది, అది కూడా హామీ తీసుకునే. ఇవి రెండూ ఊపిరి పీల్చుకోవడానికి, అంతకుమించి ఆశ పెట్టుకోవద్దు.

నగదు ఎందుకు అడుగుతారు? డబ్బు డిక్రీ మీద అప్పీలు వేసినప్పుడు వివాదంలో ఉన్న మొత్తం డిపాజిట్ చేయమనో, హామీ ఇమ్మనో కోర్టు చెప్పవచ్చని ఆర్డర్ 41 రూల్ 1(3). చెప్పినా చేయకపోతే స్టే ఇవ్వకూడదని రూల్ 5(5). సుప్రీంకోర్టు 2005లో సిహోర్ నగరపాలిక కేసులోనూ, తర్వాత మాల్వా స్ట్రిప్స్ కేసులోనూ డబ్బు డిక్రీల మీద స్టే ఊరికే ఇచ్చేది కాదన్న ధోరణిలోనే మాట్లాడింది. మన దగ్గర నేను ఎక్కువగా చూసే ఆర్డరు ఇలా ఉంటుంది: డిక్రీ మొత్తంలో సగమో మూడోవంతో ఇన్ని వారాల్లో కట్టు, కట్టినదాన్ని ఆవిడ హామీ లేకుండా తీసుకోవచ్చు, మిగతాదానికి ఫ్యామిలీ కోర్టు తృప్తి పడేలా ఆస్తి హామీ ఇవ్వు, గడువు తప్పితే స్టే దానంతటదే పోతుంది. మీకు 26 లక్షలంటే తక్కువలో తక్కువ 8 నుంచి 13 లక్షలు సమకూర్చుకునే పనిలో ఇప్పటి నుంచే ఉండండి. డిపాజిట్ లేకుండా ఉత్త ఆస్తి హామీ మీద స్టే అసలు రాదని అనను, వస్తుంది. కానీ అలా వచ్చిన కేసుల్లో మొగుడు అప్పటికే ఎంతోకొంత చెల్లించి ఉన్నాడు.

భరణం స్టే పిటిషన్‌లో బెంచి నుంచి వచ్చే మొదటి ప్రశ్న దాదాపు ఎప్పుడూ ఒకటే: "ఇప్పటిదాకా ఎంత కట్టారు?" దీనికి "ఏమీ కట్టలేదు" అనే జవాబు ఉంటే తర్వాత మీ సీనియర్ ఎంత బాగా వాదించినా వాతావరణం మారిపోతుంది. నా క్లయింటు ఒకాయన, చిన్న వ్యాపారి, 18 లక్షల డిక్రీ మీద అప్పీలుకి వెళ్లేముందు పిల్ల స్కూలు ఫీజు, బకాయిపడ్డ మధ్యంతర భరణం మొత్తం బ్యాంకు ద్వారా కట్టేసి రసీదులతో వచ్చాడు. ఆయనకు డిపాజిట్ నాలుగోవంతుతో సరిపెట్టారు, మిగతాదానికి షాపు హామీగా ఒప్పుకున్నారు. మీరు కూడా అప్పీలు దాఖలు చేయకముందే బాబు బకాయి క్లియర్ చేయండి. చేతికి నగదు ఇవ్వొద్దు. కోర్టులోనో ఆవిడ ఖాతాలోనో వేసి, ఆర్డర్ 21 రూల్ 2 కింద ఆ చెల్లింపు రికార్డు చేయించండి. కోర్టు బయట ఇచ్చి రికార్డు చేయించని డబ్బుని ఈపీ కోర్టు లెక్కలోకి తీసుకోదు. మేనమామ చేతిలో పెట్టి పంపించాం సార్ అంటే అక్కడ వినేవాళ్లు లేరు.

బాబు 10 వేలు. ఇది ప్రతి నెలా తిండికి, పాలకి, ఫీజుకి. పొలం కాగితం చూపించి దీన్ని ఆపమంటే కోర్టుకి కోపం వస్తుంది, రావాలి కూడా. ఎక్కువైందనిపిస్తే తగ్గించమని వాదించండి, ఈలోగా కట్టండి. కట్టకపోతే జీతం జప్తు అవుతుంది. మామూలు అప్పుల డిక్రీకి జీతంలో చాలా భాగం రక్షణ ఉంటుంది కానీ భరణం డిక్రీకి సెక్షన్ 60 కింద జీతంలో మూడోవంతే మీకు మిగులుతుంది. మిగతా రెండువంతుల మీదికి కోర్టు చెయ్యి వెళ్లగలదు. ఆఫీసుకి ఆ ఆర్డరు వెళ్లిన రోజు పడే టెన్షన్ 10 వేల కన్నా ఎక్కువ.

పాత సీఆర్‌పీసీ (క్రిమినల్ ప్రొసీజర్ కోడ్) సెక్షన్ 125 కింద, అంటే 2024 జులై 1 నుంచి దాని స్థానంలో వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్ సెక్షన్ 144 కింద, విడిగా ఎంసీ (భరణం కేసు) ఏదైనా ఉందేమో మీరు చెప్పలేదు. ఉంటే దాని దారి వేరు. అక్కడ అప్పీలు లేదు, హైకోర్టుకి రివిజనే. ఆర్డర్ 41 హామీ కథ అక్కడ నడవదు. కట్టకపోతే వారెంటు, ఒక్కో నెల బకాయికి నెల దాకా జైలు. జైలుకెళ్లొస్తే బాకీ తీరిపోతుందనుకునేవాళ్లున్నారు. తీరదు. జైలు వసూలు చేసే పద్ధతే కానీ చెల్లింపు కాదని సుప్రీంకోర్టు 1988లో కుల్దీప్ కౌర్ కేసులో చెప్పేసింది.

ఇప్పుడు అసలు సంగతి, నాన్నగారి పొలం.

ఆస్తి మీది కాదు కాబట్టి నాన్నగారు మూడో వ్యక్తిగా పూచీ పడాలి. మీరు ఆయన తరఫున సంతకం పెట్టడం కుదరదు, ఆయనే అఫిడవిట్ ఇవ్వాలి, అవసరమైతే కోర్టుకి రావాలి. సీపీసీ సెక్షన్ 145 ప్రకారం రేపు మీరు ఓడి కట్టకపోతే ఆ పొలాన్ని ఇదే డిక్రీ అమలులో నేరుగా అమ్మేయవచ్చు. ఆయన మీద కొత్తగా దావా వేయక్కర్లేదు. ఇది ఆయనకు ముందే తెలుగులో, నెమ్మదిగా, మీరు లేనప్పుడు వకీలు చెప్పాలని నేను పట్టుబడతాను. కొడుకు పక్కన కూర్చుంటే ఏ తండ్రీ కాదనలేడు. మీ అమ్మానాన్నలకి బతుకుతెరువు ఆ ఎకరం ముప్పై సెంట్లే అయితే మాత్రం నా సలహా వేరు. దాన్ని ఇందులోకి తేవద్దు, ఇంటి మీదే కొట్లాడండి.

తర్వాత ఆ పొలం నాన్నగారికి ఎలా వచ్చింది? ఆయన కొనుక్కున్నదైతే మంచిది. తాతగారి నుంచి వచ్చిన పిత్రార్జితమైతే అందులో మీ తమ్ముడికి, అక్కచెల్లెళ్లకి కూడా వాటాలుంటాయి. ఆంధ్రప్రదేశ్‌లో 1985 సెప్టెంబరు 5 నుంచే అప్పటికి పెళ్లికాని ఆడపిల్లలకు సమాన హక్కు ఇచ్చారు, 2005 కేంద్ర సవరణ దాన్ని ఇంకా విస్తరించింది. రేపు వేలం వేళకి మీ చెల్లెలు క్లెయిము పిటిషన్ వేస్తే మీ మాజీ భార్య డబ్బు ఏళ్లకేళ్లు ఆగుతుంది. అందుకే అవతలి వకీలు ముందు ఇక్కడే తగులుకుంటారు. వాటాదారులందరూ అఫిడవిట్లు ఇస్తే తప్ప అలాంటి భూమిని పూర్తి విలువకి తీసుకోరు.

పోయినేడాది నేను ఆడమనిషి తరఫున ఉన్న ఒక హామీ పిటిషన్‌లో జరిగింది చెప్తాను. జేడీఆర్ తండ్రి రెండెకరాల మాగాణి చూపించాడు. ముప్పై ఏళ్ల ఈసీ (ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీల పత్రం) శుభ్రంగా ఉంది, సబ్‌రిజిస్ట్రార్ విలువ పత్రం డిక్రీకి రెండింతలు. జడ్జిగారు ఒప్పుకునేలాగే ఉన్నారు. మా జూనియర్ ముందురోజు రాత్రి మీభూమి సైటులో 1-బీ (భూమి హక్కుల రికార్డు) తీసి పెట్టింది. ఆ ప్రింటవుట్‌లో అదే సర్వే నంబరు మీద బ్యాంకు పంట రుణం ఛార్జి (ఆస్తి మీద అప్పు భారం) కనిపిస్తోంది. పైగా పిటిషన్ షెడ్యూల్లో (ఆస్తి వివరాల పట్టికలో) సర్వే నంబరు 112/2 అని ఉంది, పాసుపుస్తకంలో 112/2ఏ. తూర్పు హద్దు షెడ్యూల్లో పంట కాలవ, దస్తావేజులో పక్కవాళ్ల పొలం. పెద్దాయన్ని బోనులోకి పిలిచి జడ్జిగారు అడిగారు, "కాలవ మీ పొలానికి ఏ వైపు?" ఆయన చెయ్యెత్తి చూపించాడు కానీ ఆ చూపించింది కోర్టు హాల్లో కిటికీ వైపు, అది పడమర. హాల్లో ఒకరిద్దరు నవ్వారు. పిటిషన్ కొట్టేయలేదు. రుణం తీర్చిన నో డ్యూ సర్టిఫికెట్, సరిచేసిన షెడ్యూలు తెమ్మని వాయిదా వేశారు. ఈలోగా హైకోర్టు పెట్టిన గడువు దాటింది, స్టే పోయింది. మోసం ఏమీ లేదు అందులో. కాగితాలు ఎవరూ ఒకదాని పక్కన ఒకటి పెట్టి చదవలేదు, అంతే.

కాబట్టి పిటిషన్ వేయకముందే ఇవి టేబుల్ మీద ఉండాలి: ఒరిజినల్ దస్తావేజు, లింకు డాక్యుమెంట్లు, తాజా ఈసీ, పట్టాదారు పాసుపుస్తకం, 1-బీ, అడంగల్ (సాగు, అనుభవం రికార్డు), సబ్‌రిజిస్ట్రార్ ఇచ్చే మార్కెట్ విలువ పత్రం, శిస్తు రసీదులు. తెలంగాణలో ఆస్తి ఉన్నవాళ్లయితే ధరణి స్థానంలో 2025లో వచ్చిన భూభారతిలో రికార్డు చూసుకోవాలి. అడంగల్‌లో అనుభవదారు పేరు వేరే ఉంటే, కౌలుకిచ్చి ఉంటే, ఆ సంగతి ముందే అఫిడవిట్‌లో చెప్పండి. అవతలివాళ్లు బయటపెట్టడం కన్నా మీరే చెప్పడం నయం.

విలువ విషయంలో ఒక మాట. మీ ఊళ్లో ఎకరం కోటి పలుకుతుందని మీరంటారు, సబ్‌రిజిస్ట్రార్ పత్రంలో అందులో నాలుగోవంతు ఉండవచ్చు. కోర్టు చేతిలో కాగితం ఉన్న విలువనే నమ్ముతుంది. రిజిస్టర్డ్ వాల్యుయర్ రిపోర్టు పెట్టవచ్చు, కొంత ఉపయోగం. హామీ విలువ డిక్రీ మొత్తం, ఖర్చులు, డిక్రీలో వడ్డీ ఉంటే అది కూడా కలిపి పైన కొంత మిగిలేలా చూసుకోండి.

అసైన్డ్ భూమి (ప్రభుత్వం పేదలకిచ్చినది), 22ఏ కింద రిజిస్ట్రేషన్ నిషేధిత జాబితాలో ఉన్నది, అగ్రిమెంటు లేదా జీపీఏ (పవర్ ఆఫ్ అటార్నీ) మీద మాత్రమే ఉన్నది, అనుమతి లేని లేఅవుట్‌లో ప్లాటు, ఇవి అసలు తీసుకెళ్లొద్దు. అసైన్డ్ భూములకు 1977 నాటి బదిలీ నిషేధ చట్టం ఉంది, అమ్మలేని భూమి హామీ కిందికి రాదు. ఆస్తి వేరే జిల్లాలో ఉంటే కూడా కొంచెం ఇబ్బందే. తన పరిధి బయటి ఆస్తిని ఈపీ కోర్టు నేరుగా అమ్మలేదు, డిక్రీని అక్కడికి పంపాలి, ఆ తిప్పట అంతా ఆవిడకు. మీరు గుంటూరు, పొలం తెనాలి దగ్గర అంటున్నారు. అది మీ ఫ్యామిలీ కోర్టు పరిధిలోకి వస్తుందో లేదో వకీలుని ముందే చూడమనండి.

హైకోర్టు ఆర్డరు వచ్చాక పని మళ్లీ కింది కోర్టులోనే. "ఫ్యామిలీ కోర్టు తృప్తి మేరకు" అని ఉంటుంది కాబట్టి అక్కడ హామీ పిటిషన్ వేస్తారు, ఆవిడకి నోటీసు వెళ్తుంది, కౌంటరు వేస్తారు, విచారణ. ఇవన్నీ గడువులోపల కావాలి. గడువు సరిపోదనిపిస్తే అది దాటకముందే హైకోర్టులో పొడిగింపు అడగండి, ఎందుకంటే హైకోర్టు పెట్టిన గడువుని కింది కోర్టు పొడిగించదు. ఆమోదం వచ్చాక సెక్యూరిటీ బాండు. దాని నమూనా సీపీసీ చివర అపెండిక్స్ జీలో రెండో ఫారంగా ఉంది. ఆస్తి మీద ఛార్జి ఏర్పడుతుంది కాబట్టి స్టాంపు వేసి సబ్‌రిజిస్ట్రార్ దగ్గర రిజిస్టర్ చేయించాలి. తెల్లకాగితం మీద "నా పొలం హామీ ఇస్తున్నాను" అని రాసి నోటరీ చేయించి తెస్తారు కొందరు, దానితో రేపు పేచీ తప్ప ఏమీ రాదు. బాండు కోర్టు పేరున ఉంటే డబ్బెవరు వసూలు చేయాలి అన్న తగువు వంద ఏళ్ల కిందటే బ్రిటిష్ కాలపు పైకోర్టు ప్రివీ కౌన్సిల్ దాకా వెళ్లింది. కోర్టే దాన్ని డిక్రీ అమలులో వాడుకోవచ్చని 1919లో తేల్చారు, కాబట్టి ఆ సాకు మీద ఆశ పెట్టుకోకండి.

స్టే వచ్చిన రోజే ఇంకో పని ఉంది. స్టే ఆర్డరు కింది కోర్టుకి చేరినప్పటి నుంచే పనిచేస్తుంది. అధికారిక కాపీ వచ్చేలోపు వేలం రోజు వచ్చేస్తుందనుకుంటే, స్టే వచ్చిందని మీకు స్వయంగా తెలిసిన విషయంగా అఫిడవిట్ వేయండి. కాపీ వచ్చేదాకా కింది కోర్టు ఆ అఫిడవిట్ మీద నడుచుకోవాలని రూల్ 5 వివరణలోనే ఉంది. హైకోర్టు ఉన్న అమరావతి నుంచి మీ ఊరు దగ్గరే అయినా కాగితం నడక నిదానం.

విదేశాల్లో ఉన్నవాళ్లు ఇదే ప్రశ్న తరచుగా అడుగుతుంటారు, వాళ్ల కోసం ఒక్క ముక్క. ఇక్కడివాళ్లకి ఇచ్చిన జీపీఏలో ఆస్తిని కోర్టుకి హామీగా పెట్టే అధికారం స్పష్టంగా రాసి ఉండాలి, "అన్ని పనులు చేయుటకు" అంటే చాలదు. అక్కడ సంతకం చేసిన పత్రం ఇక్కడికి చేరాక మూడు నెలల్లోపు స్టాంపు వేయించాలి.

తమ్ముడి పేర రాయడం. జప్తు తర్వాత రాస్తే సెక్షన్ 64 ఉంది. జప్తుకి ముందు రాసినా, బాకీ రావాల్సినవాళ్లకి ఎగ్గొట్టడానికి చేసిన బదిలీ అని ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 53 కింద రద్దు చేయించవచ్చు, భరణం విషయంలో సెక్షన్ 39 కూడా తోడవుతుంది. వీటన్నిటికన్నా పెద్ద నష్టం వేరే. స్టే అంటే కోర్టు మీ మీద నమ్మకంతో ఇచ్చేది. ఇంటి ఈసీలో డిక్రీ తర్వాత తేదీతో ఒక గిఫ్ట్ దస్తావేజు కనబడిందంటే ఇక మీ హామీని ఎవరూ హామీగా చూడరు. ఇలాంటి కేసులో ఆవిడ తరఫున ఉంటే నేనైతే మొదట ఆ ఈసీ కాపీనే పెడతాను.

ఇంత చెప్పాక, స్టే కాకుండా వేరే దారులు కూడా చూడండి. ఇల్లో పొలమో కొంత అమ్మి కట్టే ఉద్దేశం మీకుంటే ఆర్డర్ 21 రూల్ 83 ఉంది. తనఖా పెట్టో, సొంతంగా అమ్మో డబ్బు తెస్తానంటే వేలాన్ని కోర్టు వాయిదా వేయవచ్చు, ఆ డబ్బు కోర్టులో కట్టాలి. సొంతంగా అమ్మితే వచ్చే ధర వేలంలో రాదు, ఇది మీకు తెలిసిందే. ఆవిడ ఒప్పుకుంటే ఆర్డర్ 20 రూల్ 11 కింద వాయిదాల్లో కట్టేలా ఆర్డరు తెచ్చుకోవచ్చు. నా అనుభవంలో 26 లక్షల డిక్రీల్లో చాలావరకు 18, 20 దగ్గర ఒకేసారి చెల్లింపుకి లోక్ అదాలత్‌లో తెగుతాయి, ముఖ్యంగా అప్పీలు వేసి కొంత డిపాజిట్ చేశాక. ఆవిడకి కూడా నాలుగేళ్లు కోర్టు చుట్టూ తిరగాలని సరదా ఏమీ ఉండదు.

అయితే అప్పీలులో మీ అసలు వాదన ఏమిటో ఆలోచించుకోండి. విడాకులే తప్పంటున్నారా, లేక మొత్తం ఎక్కువైందంటున్నారా? మొత్తమే అయితే ఎంత న్యాయమని మీరు ఒప్పుకుంటారో ఆ మేరకి ఇప్పుడే కట్టేస్తామనండి. 2020 నవంబరులో వచ్చిన రజనేశ్ వర్సెస్ నేహా తీర్పు తర్వాత ఇద్దరూ ఆస్తులు, ఆదాయాల అఫిడవిట్ ఇవ్వడం తప్పనిసరైంది. అందులో మీ జీతం, లోన్లు నిజంగా రాసి ఉంటే 20 లక్షలు ఎందుకు ఎక్కువో చెప్పడానికి అదే మీ ఆధారం. అందులో ఏదైనా దాచి ఉంటే మాత్రం నాన్నగారి పొలం గురించి మాట్లాడేముందు ఆ సంగతి మీ వకీలుకి చెప్పండి.

చివరిగా, అప్పీలు గెలిచినా, రాజీ అయినా, మొత్తం కట్టేసినా, నాన్నగారి పొలం మీద ఛార్జి దానంతటదే పోదు. బాండు రద్దు చేయమని కోర్టులో పిటిషన్ వేసి, ఆ ఆర్డరు సబ్‌రిజిస్ట్రార్‌కి పంపించి, ఈసీలో ఎంట్రీ పడిందో లేదో కొత్త ఈసీ తీసి చూసుకోండి. ఇంటి జప్తు ఆర్డర్ 21 రూల్ 55 కింద పోయినట్టే లెక్క, అయినా ఎత్తివేసినట్టు కోర్టు చేత ప్రకటన వేయించుకోండి.